దిమ్మె మీది గనెమ్మ

మొన్న ఒక పనిమీద కడపకు పోయి, తిరుగు బస్సుకు ఇంకా సమయం ఉందని రోడ్డు పక్క పాత పుస్తకాల గుట్ట ముందు నిలబడితే, అట్ట సగం ఊడిన నవల ఒకటి చేతికి తగిలింది. అట్ట మీద ఒక గుహ, గుహలో నాలుక చాచిన దేవత, ఆమె కళ్ళలో రెండు ఎర్ర రాళ్ళు, కింద మోకాళ్ళ మీద కూర్చుని టార్చిలైటు వేసి చూస్తున్న టోపీ మనిషి. ఎవరు రాశారో చెప్పే పేజీ ఎప్పుడో చిరిగిపోయింది. ముక్కు దగ్గర పెట్టుకుంటే పాత కాగితం వాసన, చెద వాసన, ఎన్ని చేతులు మారిందో ఆ చేతుల నూనె వాసన వచ్చాయి. వాటితో పాటు, ఆ పుస్తకంలో ఉండే అవకాశమే లేని తడిసిన రాతిపొడి వాసన కూడా నాకు తగిలింది. బేరమాడకుండా కొని సంచిలో వేసుకున్నాను. బస్సు మైదుకూరు దాటేదాకా దాన్ని తెరవడానికి మనసు రాలేదు.

నేను పుట్టి పెరిగింది బేతంచెర్లలో. మా ఊళ్ళో రాయి కానిదాన్ని వెతుక్కోవాలి. ఇంటి గోడలు బండలు, పైకప్పు బండలు, దొడ్డి చుట్టూ కంచెగా నిలబెట్టినవి బండలు, బట్టలుతికేది బండ మీద, అన్నం తినేది బండ మీద, ఎండాకాలం మధ్యాహ్నాలు నీళ్ళు చల్లుకుని ఒళ్ళు వాల్చేదీ బండ మీదే. ఊరవతల నాపరాతి గనుల్లో మందు పేలితే ఇంట్లో గిన్నెలు ఒకదానికొకటి తగిలి మోగేవి, మేము తలెత్తి కూడా చూసేవాళ్ళం కాదు. పాలిష్ ఫ్యాక్టరీల నీళ్ళు కాలవల్లో పాల మాదిరి తెల్లగా పారి, ఎండి, పొడి అయి, గాలికి లేచి మా తలల మీద, ఆరేసిన బట్టల మీద, చెనక్కాయల ఊరుబిండి పెట్టుకుని తింటున్న జొన్నరొట్టె మీద వాలేవి. మాకు వానాకాలమనేది పేరుకే. అయినా మొదటి చినుకులు పడిన రోజు ఆ పొడంతా తడిసి ఊరి మీద ఒక వాసన లేచేది, చిన్నపిల్లలం వీధుల్లోకి పరిగెత్తి నోళ్ళు తెరుచుకుని నిలబడేవాళ్ళం. ఆ వాసన మళ్ళీ ఏ ఊళ్ళోనూ నాకు దొరకలేదు.

మా చిన్నాయన, అంటే నాయన తమ్ముడు, పాలిష్ ఫ్యాక్టరీలో మిషను మీద పనిచేసేవాడు. మిషన్లు తిరుగుతున్నంతసేపు పక్కమనిషి అరిచినా వినపడదు గనక, కరెంటు పోవడమే అక్కడ పండుగ. ఎండాకాలం మధ్యాహ్నాలు కరెంటు పోగానే ఊరు ఒక్కసారిగా నిశ్శబ్దమయ్యేది. చిన్నాయన చేతులు కడుక్కుని, తువ్వాలులో చుట్టి దాచిన నవల బయటికి తీసేవాడు. స్టేషన్ దగ్గర అద్దెకిచ్చే షాపు ఒకటుండేది, అక్కడి నుంచి తెచ్చేవాడు. పనివాళ్ళంతా పేర్చిన బండల మీద చేరేవాళ్ళు. క్యారియర్ ఇచ్చే వంకతో పోయి నేనూ ఒక మూల కూర్చునేదాన్ని. ఆయన చదువు పెద్దగా సాగలేదు గానీ గొంతు మాత్రం బంగారం. మీసాల మీద, కనుబొమల మీద తెల్ల పొడితో, ఏ పూడిపోయిన గుడిలోంచో అప్పుడే లేచి వచ్చిన మనిషిలా కూర్చుని చదువుతుంటే, బీడీ ముట్టించుకోవడం కూడా మరిచిపోయేవాళ్ళు.

ఆ నవలలన్నీ ఒకటే మూసలో పోసినవని ఇప్పుడు తెలుస్తోంది. పురావస్తు తవ్వకాలు చేసే ప్రొఫెసరు ఒకడుంటాడు. పుస్తకం పుస్తకానికి ఆయన పేరు మారుతుంది, టోపీ మారదు. అడవిలోనో ఎడారిలోనో వేల ఏళ్ళ కిందట పూడిపోయిన గుడి. అందులో ఎవరూ పలకలేని పేరుతో ఒక దేవత. ఆమె కళ్ళలో కెంపులు, పాదాల కింద నిధి, నిధి మీద శాపం, శాపం మీద పాము. గోడ మీది అక్షరాలు ప్రొఫెసరు ఊది, దుమ్ము తుడిచి, గుక్క తిప్పుకోకుండా చదివేస్తాడు. ఆశపడ్డవాడు చస్తాడు. చివరి పేజీల్లో గుడి కూలిపోతుంది, దేవత భూమిలోకి దిగిపోతుంది, ప్రొఫెసరు టోపీ దులుపుకుని బయటపడి ఇంకో పుస్తకంలోకి నడుస్తాడు. మేము మాత్రం ప్రతిసారీ, ఈసారి కూలదేమోనని ఊపిరి బిగబట్టి వినేవాళ్ళం. బడిలేని రోజుల్లో పిల్లలమంతా పారేసిన రాతి చెక్కుల కుప్పల్లో గుడ్లగూబ కళ్ళేసుకుని తవ్వుతూ అదే ఆట ఆడేవాళ్ళం. ప్రొఫెసరు వేషానికి ఎప్పుడూ కొట్లాటే, దేవత వేషానికి ఎవరూ ముందుకొచ్చేవాళ్ళు కాదు, కదలకుండా నిలబడాలి మరి.

రాత్రి బువ్వల దగ్గర చిన్నాయన ఆ కథలే మళ్ళీ చెప్పేవాడు. మా అవ్వ, అంటే ఆయన తల్లి, సంగటి ముద్దలు చేస్తూ వినేది. ఆమెకు ఆ దేవతల మీద మర్యాద లేదు.

"ఆ యమ్మకి పసుపు రాసేదెవురు, బువ్వ పెట్టేదెవురు? చుట్టూ ఊరే లేకుంటే ఆమె ఎవురికి అమ్మరా?" అనేది.

"శానా పాత దేవత మా. పాతబడేకొద్దీ పవరెక్కువ" అనేవాడు చిన్నాయన.

"పాతబడితే పవరొచ్చేటట్లయితే ఈ పాటికి నాకొచ్చుండల్ల" అని అవ్వ ముద్ద మీద ఇంకో ముద్ద పడేసేది. నాయన నవ్వు ఆపుకోలేక పొరబోయేవాడు.

అవ్వ దేవత అవ్వకుంది. మా వైపు గనులవాళ్ళలో ఒక ఆచారం ఉండేది. కొత్త గని తెరిచిన రోజు, పైమట్టి తీశాక పగలకుండా లేచిన మొదటి బండను అమ్మరు, చెక్కరు. ఆ ఇంటి ఆడమనిషి దాన్ని అక్కడికక్కడే నిలబెట్టి, పసుపు పూసి, బొట్లు పెట్టి, వేపమండ కట్టి, గనెమ్మా అని పిలుస్తుంది. ఇక ఆమె నిలబడ్డ చోట కింద సమ్మెట పడకూడదు. చుట్టూ తవ్వుకుంటూ లోతుకు పోతారు గానీ ఆమె కిందిది ముట్టరు. అట్లా పనివాళ్ళు ఏటికేడు కిందికి దిగుతుంటే, ఆమె ఉన్నచోటే ఉండి, ఏటికేడు పైకి పోయినట్టు కనపడుతుంది. మా తాత తెరిచిన గనిలో గనెమ్మ నాకు ఊహ తెలిసేసరికే తాటిచెట్టంత ఎత్తు దిమ్మె మీద, ఆకాశంలో ఒక్కతే ఉండేది. దిమ్మె పక్కనే చెక్కిన ఇరుకు మెట్లుండేవి.

తాతను నేను చూడలేదు. పొరలు జారి బండలు మీద పడితే, ఆ దిమ్మె మొదట్లోనే ప్రాణం పోయిందట. గని తర్వాత ఒక గుత్తదారు చేతికి పోయింది. గనెమ్మ మాత్రం అవ్వ చేతిలోనే ఉంది. "మీ అబ్బను సూసుకుంటా ఉండేది ఆమే మే" అని తాత గురించి నాతో చెప్పేది. అంతకు మించి ఆయన గురించి మాట్లాడేది కాదు.

తొలకరి తర్వాత గనెమ్మకు దేవర, అంటే మా ఇంటి జాతర, చేసేవాళ్ళం. ముందురోజే ఇల్లంతా శెనగపప్పు ఉడికే వాసన, ఓళిగలకు బెల్లం కరిగే వాసన. తెల్లవారి అవ్వ తలంటుకుని, కొర్రన్నం, ఓళిగలు, పెరుగు గంపలో పెట్టుకుని, వెనక మేము నీళ్ళ చెంబులు, పసుపు, వేపమండలు మోసుకుంటూ గనిలోకి దిగేవాళ్ళం. కింద తప్పెట కొడుతుంటే, చుట్టూ తెల్లటి గోడల్లా కోసిన రాయి ఆ చప్పుడును తిప్పి కొడుతుంటే, అవ్వ గంప నెత్తిన పెట్టుకుని ఆ మెట్లు ఎక్కేది. కొడుకులిద్దరూ కింద చేతులు చాచుకుని నిలబడేవాళ్ళు. పైన ఆమె గనెమ్మకు పాత పసుపు మీద కొత్త పసుపు పూసేది. పూసీ పూసీ రాయి అంచులన్నీ మెత్తబడి, బుగ్గలొచ్చి, నిజంగానే ఎవరో ముసలామె ముఖంలా తయారైంది. అవ్వ ఆమెతో ఏవో ఇంటి మాటలు మాట్లాడేది, ఎవరికి కాన్పయింది, ఎవరికి జ్వరం తగిలింది అని. దిగి వచ్చాక వేడి బండల మీద కూర్చుని మేము ఓళిగలు తినేవాళ్ళం. నేతిలో కూడా రాతిపొడి కరకరలాడేది.

గనిలో మంచి రాయి అయిపోతూ వచ్చింది. గోడల వైపు తవ్వితే పెళుసు రాయి, కిందికి తవ్వితే నీళ్ళు. మిగిలిన మంచి రాయి ఆ దిమ్మెలోదే. గుత్తదారు ఒకసారి మా ఇంటికొచ్చి, గట్టు మీద చిన్న గుడి కట్టిస్తా, గనెమ్మను అక్కడికి మారుస్తాం అన్నాడు. అవ్వ మంచినీళ్ళిచ్చి, మారదప్పా, ఆ మాట మళ్ళీ అనొద్దు అంది. అతను మళ్ళీ అనలేదు గానీ, వచ్చే వానల్లోపు దిమ్మె తీసేస్తున్నాడని పనివాళ్ళ నోట ఇంటికి వార్త చేరింది. అవ్వ అన్నం మానేసింది. మంచంలో గోడవైపు తిరిగి పడుకున్న ఆ వీపును చూసి నాకు ఏడుపొచ్చేది.

చిన్నాయనకు ఉపాయం తట్టింది, ఆ నవలల్లోంచే.

"మనం నిలబెట్టిన దేవతంటే వాడు ఒక్క పొద్దులో పెరికేస్తాడు. రాజుల కాలం నాటి దేవతంటే గవర్మెంటు కంచె వేస్తాది, బోర్డు పెడ్తాది. బోర్డుంటే ఎవుడూ ముట్టుకోడు" అన్నాడు.

"నేను నిలబెట్టినది గదరా. నా చేతి పసుపు అది" అంది అవ్వ.

"ఆ మాట బయట చెప్పొద్దు మా, నీకు దండం పెడ్తా."

కర్నూలులో పురావస్తు శాఖ ఆఫీసుకు అర్జీ పెట్టాడు. అది చాలదనుకున్నాడో ఏమో, కరెంటు పోయినప్పుడల్లా పుస్తకం పక్కన పెట్టి గనెమ్మ కథ చెప్పడం మొదలుపెట్టాడు. ఓడిపోయిన రాజు ఒకడు, వెంటపడే సైన్యం, పారిపోతూ రాణి నిలబెట్టిన రాయి. ఆయన చదివిన ఏ పుస్తకంలోనూ నిధి లేకుండా దేవత కథ నడవలేదు గనక, గనెమ్మ పాదాల కింద రాణి నగలు కూడా వచ్చి చేరాయి. వింటున్నవాళ్ళలో సగం మందికి తాత ఆ గని తెరిచిన రోజు గుర్తే. అయినా అందరూ కళ్ళప్పగించి విన్నారు. నేనూ విన్నాను, మా అవ్వ దేవత అట్ట మీది దేవతంత గొప్పదైపోతోందని పొంగిపోయాను. ఆ రోజుల్లో చిన్నాయన ముఖంలో ఉన్న వెలుగు తర్వాత మళ్ళీ చూడలేదు.

ఆఫీసరు జీపులో వచ్చాడు. టోపీ లేదు. బట్టతల, గొడుగు, మోకాళ్ళ నొప్పి. మా పిల్లలందరికీ అక్కడే ఉసూరుమంది. పాపం మంచి మనిషే, ఆయాసపడుతూ అవ్వ వెనకే మెట్లన్నీ ఎక్కి, అవ్వను అడిగి, పసుపు ఒక మూల కాస్త తడిపి తుడిచి చూశాడు. రాతిలో చిన్న చిన్న చెట్ల ఆకుల్లా నల్లటి గీతలున్నాయి. అవి అక్షరాలని చిన్నాయన కింది నుంచే అరిచాడు. అక్షరాలు కావు నాయనా, మీ బండల్లో సహజంగా పడే గీతలే అన్నాడాయన. తర్వాత అవ్వ వైపు తిరిగి, ఇది ఎప్పటిదమ్మా అని అడిగాడు.

కింద మేమంతా తలలెత్తి చూస్తున్నాం. అవ్వ ఒక్క మాట అంటే చాలు, తాతల నాటిది అంటే చాలు. చిన్నాయన రెండు చేతులూ జోడించి పైకి చూస్తున్నాడు.

"నేనే నిలబెట్టినా సామీ. నేనూ నా పెనిమిటీ, ఈ గని తెరిసిన పొద్దు" అంది అవ్వ.

ఆయన తడి చేతిని రుమాలుతో తుడుచుకున్నాడు. మా కిందికి రాదమ్మా ఇది, అని చెప్పి, దిగేముందు చెప్పులు విప్పి గనెమ్మకు దండం పెట్టుకుని దిగాడు. ఇంటికి నడుస్తుంటే చిన్నాయన తల్లి పక్కన చేరి, "ఒక్క మాట, ఒక్క మాట అంటే ఏం పోయేది మా నీకు?" అన్నాడు. "ఆమె ముందరనే ఎట్ల చెప్పేదిరా?" అంది అవ్వ. ఇద్దరిదీ న్యాయమే అని ఇన్నేళ్ళ తర్వాత కూడా నాకు అనిపిస్తుంది, దానివల్లే ఎవరి మీదా కోపం నిలవదు.

ఆఫీసరు నిజం చెప్పిపోయాడు, ఊరు మాత్రం అతను వచ్చాడన్న సంగతినే పట్టుకుంది. ఏమీ లేకపోతే అంత దూరం నుంచి జీపెందుకొస్తుంది? పైదాకా ఎక్కి, తడిపి, తుడిచి ఎందుకు చూస్తాడు? ఏమీ లేదన్నాడంటే ఏదో ఉందన్నమాటే. టీ బంకుల దగ్గర రాణి నగలకు తూకం పెరిగింది. మా వైపు పాత విగ్రహాల కింద నిధులని చెప్పి తవ్వేవాళ్ళకు కొదవ లేదు. చిన్నాయనకు భయం పట్టుకుంది. కనిపించినవాళ్ళకల్లా, అదంతా నేను అల్లిన కథప్పా, నిధీ లేదు గిధీ లేదు అని చెప్పుకుంటూ తిరిగాడు. రాజు కథను నమ్మినవాళ్ళు ఈ మాటను నమ్మలేదు.

పీర్ల పండుగ వచ్చింది. మా ఊళ్ళో ఆ పండుగకు ముస్లిములు, హిందువులని తేడా లేదు, గనులన్నీ మూసి ఊరంతా పీర్ల చావిడి దగ్గరే ఉంటుంది. మధ్యాహ్నం పక్కింటి బీబమ్మ ఇచ్చిన మలీద ముద్దలు తింటూ అరుగు మీద కూర్చున్నాం. గనుల వైపు మందు పేలింది. గిన్నెలు మోగాయి. ఎప్పటిలాగే ఎవరం తలెత్తలేదు, నాయన ఇంకో ముద్దకు చెయ్యి చాచాడు. అవ్వ ఒక్కతే నోటిదాకా తెచ్చిన చెయ్యి దించి, "ఈ పొద్దు గనులకు సెలవు గదా?" అంది.

చిన్నాయన చెప్పులు కూడా వేసుకోకుండా పరిగెత్తాడు. మేము చేరేసరికి గని మీద తెల్లటి దుమ్ము ఇంకా దిగలేదు. దిగాక చూస్తే, పుట్టినప్పటి నుంచి నేను తలెత్తి చూసిన చోట ఉత్త ఆకాశం ఉంది. దిమ్మె నడుముకు విరిగి కుప్పగా పడింది. నగలు లేవు, పాము లేదు, శాపం ఎవరికీ తగల్లేదు. పేల్చినవాళ్ళెవరో చివరిదాకా తెలియలేదు. అవ్వ ఆ కుప్ప మీదికి ఎక్కి పసుపు కోసం వెతికింది. చీకటి పడేదాకా వెతికితే గోరంత పెచ్చులు మాత్రం దొరికాయి, కొంగుకు ముడి వేసుకుంది. పెద్ద ముక్క ఏదైనా బోర్లాపడి ఉంటే గుర్తుపట్టేదెట్లా? వెనక్కి తిప్పితే ఆమె కూడా అన్ని బండల్లాంటి బండే.

చిన్నాయన కుప్ప అంచున తల పట్టుకుని కూర్చున్నాడు. తల్లి తిడుతుందని ఎదురుచూశాడు. ఆమె తిట్టలేదు, ఇంటికి పోదాం లేవమంది. తిట్టినా బాగుండేది. పండుగ అయిపోగానే గుత్తదారు లారీలు పెట్టి ఆ రాయంతా ఎత్తించాడు. అది కోతకు పోయి, పాలిష్‌కు పోయి, ఏ ఊళ్ళకు పోయిందో ఎవరికి తెలుసు? ఫ్యాక్టరీలో చిన్నాయన తన మిషను మీదికి వచ్చిన ప్రతి బండనూ రెండువైపులా తిప్పి చూసేవాడని తోటి పనివాళ్ళు చెప్పారు. కరెంటు పోతే ఇక అందరూ ఊరికే కూర్చునేవాళ్ళు. కొన్నాళ్ళకు ఆయన ఎర్రగుంట్లలో సిమెంటు ఫ్యాక్టరీ పనికి పోయి, అక్కడే స్థిరపడి, ఆ పొడీ ఈ పొడీ ఊపిరితిత్తుల్లో చేరి, దగ్గీ దగ్గీ పోయాడు. చివర చూడబోయినప్పుడు మాటల మధ్యలో, "పాతదని చెప్పకుండా ఉండుంటే ఆ గుత్తదారు గట్టు మీదన్నా నిలబెట్టుండునేమో పాపా" అన్నాడు.

అవ్వకు ఆ రోజు నుంచి ఒక అలవాటు వచ్చింది. ఎవరింటికి పోయినా, గడప దాటేముందు వంగి, నేల మీది బండను చేత్తో తాకి కళ్ళకద్దుకునేది. అప్పుడే అడుగు పెట్టేది. మా ఇల్లయినా, బీబమ్మ ఇల్లయినా, ఆసుపత్రి అయినా, రైల్వే స్టేషన్ అయినా అంతే. మైదుకూరులో ఒక పెళ్ళికి పోతే చుట్టాలు నవ్వారు, ముసలామెకు మతి తప్పిందని. నేను సిగ్గుపడి చెయ్యి పట్టి లాగితే, "ఆమె యాడుండాదో ఎవురికి తెల్సు మే? తొక్కుతాండామేమో" అంది. ఆ తర్వాత నేను లాగలేదు. నడుము వంగిపోయి, తానే నేలకు దగ్గరయ్యేదాకా ఆమె అట్లానే తాకుతూ పోయింది. ఆమెను తీసుకుపోయిన రోజు, పాడె గడప దాటుతుంటే, నాయన వంగి ఆమె బదులు నేలను తాకాడు.

ఇప్పుడు ఆ గని నిండా పచ్చటి నీళ్ళు. దేవర లేదు. కొత్త గని తెరిస్తే యంత్రం వస్తుంది, దానికి మొదటి బండ, చివరి బండ అనే తేడా తెలియదు. అద్దె పుస్తకాల షాపు ఉన్నచోట సెల్‌ఫోన్లు బాగుచేస్తున్నారు.

బస్సులో మిగిలిన దారంతా ఆ నవల చదివాను. చివర గుడి కూలింది, దేవత భూమిలోకి పోయింది, ప్రొఫెసరు టోపీ దులుపుకున్నాడు. గుడి కూలిన మర్నాడు ఆ ఊళ్ళో ఎవరైనా అన్నం వండుకున్నారో లేదో ఏ పుస్తకమూ చెప్పదు.

కర్నూలులో నేనుండే ఫ్లాటులో నేలంతా టైల్సు. ఎక్కడో ఏ ఫ్యాక్టరీలోనో మట్టి అచ్చుపోసి కాల్చి, లారీకెత్తి తెచ్చినవి. తలుపు తీసి, చెప్పులు విప్పి, లోపలికి అడుగు పెట్టేముందు నా చెయ్యి దానంతటదే కిందికి పోయింది. నేల నున్నగా, చల్లగా తగిలింది. ఇందులో ఆమె ఉండే అవకాశం లేదు. కళ్ళకద్దుకోవడానికి ఏమీ లేక, చెయ్యి కొంగుకు తుడుచుకుని లైటు వేశాను.